అవార్డుకు పైసలు అడుగుతున్నారంటే పంపకు చెల్లె

ఈ వారం ఉత్తరం:

"అక్కా, నాది నర్సంపేట దగ్గర ఒక తండా. నాకు 29 ఏళ్లు. డిగ్రీ అయింది, అంగన్‌వాడీలో పనిచేస్తున్న. రాత్రిపూట కథలు రాస్తా. తెలుగులోనే రాస్తా కానీ మా వాళ్లు మాట్లాడుకునే చోట మా లంబాడీల భాష గోర్‌బోలి వస్తుంది. మూడు నాలుగు కథలు పత్రికల్లో అచ్చయినయి. పోయిన వారం ఒకాయన ఫోన్ చేసి 'జాతీయ స్థాయి బడుగు రచయితల పురస్కారానికి మీరు ఎంపికయ్యారు, రిజిస్ట్రేషన్‌కు, శాలువాకు, మెమెంటోకు కలిపి 4,500 పంపండి' అన్నడు. మా ఆయన పంపుదామంటున్నడు, పేపర్ల ఫొటో వస్తదని. మాకు డిగ్రీలో తెలుగు చెప్పిన సారును అడిగితే ఆయన ఇంకో మాట అన్నడు, 'ఎస్టీలకు, ఆడవాళ్లకు అని వేరే పెట్టిన అవార్డుల జోలికి పోకు, గెలిస్తే మెయిన్‌ల గెలువు' అని. పుస్తకం వేయిద్దామంటే ప్రెస్‌లో నలభై వేలు అడిగిన్రు. సంఘంల లోన్ తీసుకోవాలా అని ఆలోచిస్తున్న. మాలాంటి వాళ్లకు సాయం చేసేవాళ్లు నిజంగా ఉన్నరా అక్కా? ఉంటే వాళ్ల దగ్గరికి ఎట్ల పోవాలి?"

చెల్లె, ముందు ఆ ఫోన్ సంగతి తేల్చేద్దాం. పంపకు. ఒక్క రూపాయి కూడా పంపకు. ఇచ్చేవాళ్లు రచయితకు డబ్బు ఇస్తారు, లేదంటే కనీసం రానుపోను చార్జీలైనా ఇస్తారు. నీ దగ్గర తీసుకొని, అందులోనే శాలువా కొని, ఆ శాలువా నీకే కప్పేదాన్ని వ్యాపారం అంటారు. ఆయన మళ్లీ ఫోన్ చేస్తే ఒక్క ప్రశ్న అడుగు: "నా కథ ఏది చదివి ఎంపిక చేశారు, చదివింది ఎవరు?" నిజంగా చదివినవాళ్లు కథ పేరు చెప్తారు, అందులో మనుషుల పేర్లు చెప్తారు. మిగతావాళ్లు మాట మార్చి "సీట్లు అయిపోతున్నాయి మేడమ్, ఈ రోజే లాస్ట్" అంటారు. ఈ జవాబు నీకు చేరేలోపే మీ ఆయన పంపేసి ఉంటే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేసి కంప్లైంట్ ఇవ్వండి, ఎంత తొందరగా చేస్తే అంత మంచిది.

మీ ఆయన మీద మాత్రం కోపం పెట్టుకోకు. నువ్వు రాస్తున్నావని ఆయనకు గర్వంగా ఉంది, ఆ గర్వం నలుగురికి చూపించడానికి ఒక ఫొటో కావాలనుకుంటున్నాడు. ఇంట్లో ఆడమనిషి రాత్రి లైటు వేసుకొని రాసుకుంటుంటే విసుక్కునే మొగుళ్లున్న లోకంలో ఇది చిన్న విషయం కాదు. ఆ 4,500ను నీ కథలు టైపు చేయించడానికి దాచి పెట్టమని చెప్పు, వింటాడు.

ఇక్కడ ఒక తేడా కూడా తెలుసుకో. ఇంగ్లీషులో బయటి దేశాల్లో జరిగే కథల పోటీలు కొన్నింటికి ఎంట్రీ ఫీజు ఉంటుంది, అవన్నీ మోసం కాదు, కట్టలేనివాళ్లకు మాఫీ ఇచ్చేవి కూడా ఉన్నాయి. కానీ అది పంపేటప్పుడు కట్టే ఫీజు, అందరికీ ఒకటే, ముందే రాసి ఉంటుంది. "మీరు గెలిచారు, ఇప్పుడు కట్టండి" అనేది ఎక్కడా ఉండదు.

ఇప్పుడు మీ సారు మాట. దీని గురించి కొంచెం ఎక్కువే చెప్తాను, ఎందుకంటే ఈ మాట నీకొక్కదానికే కాదు, ఈ చుట్టుపక్కల రాసే ప్రతి తండా పిల్లకు, ప్రతి మాదిగ పిల్లగాడికి, బీడీలు చుట్టుకుంటూ కవిత్వం రాసే కోరుట్ల అక్కకు ఎవరో ఒకరు మంచి మనసుతోనే చెప్తున్నారు. మీ సారు కూడా నీ మంచి కోరే అన్నారు. నిన్ను తక్కువ చేస్తారని ఆయన భయం.

కానీ ఆ మెయిన్ అనేది ఏమిటో చూద్దాం. ఇంట్లో తాతల నాటి పుస్తకాల బీరువా ఉన్నవాడికి అది సాయమే. బాబాయి పత్రికలో పనిచేస్తుంటే కథ ఎవరికి పంపాలో తెలియడం సాయమే. హైదరాబాద్‌లో ఇల్లుండి సాయంత్రం సభకు పోయి రాత్రికి ఇంటికి చేరడం సాయమే, మరి నీకు సభ అయిపోయాక నర్సంపేట బస్సు దొరకాలి, నర్సంపేట నుంచి తండాకు ఆటో దొరకాలి, పొద్దున తొమ్మిదికి సెంటర్ తెరవాలి. వాళ్లకు దక్కిన ఏ సాయానికీ కోటా అని పేరు పెట్టలేదు కాబట్టి అది కనిపించదు, అంతే తేడా. నీకు వచ్చేదానికి పేరుంది కాబట్టి అందరికీ కనిపిస్తుంది.

పైగా వేరే పెట్టుకోవడం మనకు కొత్తా? 1934లో సురవరం ప్రతాపరెడ్డి గోలకొండ కవుల సంచిక తెచ్చింది దేనికి? నిజాం రాజ్యంలో తెలుగు కవులే లేరన్నట్టు ఒకాయన రాస్తే, ఊరూరికీ కబురు పంపి, 354 మంది కవుల పద్యాలు పోగుచేసి అచ్చు వేశారు. అది ఒక ప్రాంతం వాళ్లకు మాత్రమే పెట్టిన పుస్తకం. ఆ రోజు ఎవరైనా "మీరు వేరే సంచిక ఎందుకు, మెయిన్‌లో గెలవండి" అని ఉంటే ఈ రోజు మనం ఆ మాటను ఒప్పుకుంటామా? హన్మకొండలో ఏ సాహిత్య సభకు పోయినా ఆ సంచిక పేరు గర్వంగానే తలుచుకుంటారు. నేనూ తలుచుకుంటాను. అయితే ఆ సంచికలో కనిపించే పేర్లలో ఎక్కువమంది చదువు దక్కిన ఇళ్లవాళ్లే, ఆడవాళ్లు కొద్దిమందే. తెలంగాణ వాళ్లను లెక్కలోకి తీసుకోలేదని కోపగించుకున్న మనమే తండాను, గూడేన్ని, వాడను లెక్కలోకి తీసుకోవడానికి ఇంకో యాభై అరవై ఏళ్లు తీసుకున్నాం. కాబట్టి నీలాంటి వాళ్ల కోసం ఎవరైనా ఒక పుస్తకమో, ఒక బహుమతో, ఒక నెల జీతమో పక్కన పెడితే అది ఆ పాత పనికి కొనసాగింపే.

బయటి సంగతి కూడా ఒకటి చెప్తా. 1991లో ఇంగ్లండ్‌లో బుకర్ బహుమతి తుది జాబితాలో ఆరుగురుంటే ఆరుగురూ మగవాళ్లే. పుస్తకాల రంగంలో ఉన్న కొందరు దీని మీద కూర్చొని మాట్లాడుకొని ఆడవాళ్లు రాసే నవలలకు వేరే బహుమతి పెట్టారు, మొదటిసారి 1996లో ఇచ్చారు. ఇప్పుడు దాన్ని విమెన్స్ ప్రైజ్ అంటారు, ఒక చారిటీ ట్రస్టు నడుపుతుంది, 30,000 పౌండ్లు ఇస్తారు, 2024 నుంచి కథేతర పుస్తకాలకు కూడా ఇస్తున్నారు. మీ సారు అన్న మాటే అక్కడ పెద్ద పెద్ద రచయిత్రులు కూడా అన్నారు, ఏ.ఎస్. బయట్ లాంటి ఆమె గట్టిగా వ్యతిరేకించారు. బహుమతి మాత్రం ఆగలేదు, దానివల్ల ఎంతోమంది రచయిత్రుల పుస్తకాలు దుకాణాల్లో ముందు వరసలోకి వచ్చాయి. ఇంకొక సంగతి నాకు చాలా నచ్చుతుంది: ఆ నవల బహుమతికి మూలధనం ఇచ్చిన మనిషి తన పేరు బయటపెట్టలేదు.

మన దగ్గర ఎట్లుందో నీకు తెలుసు. ఫ్లెక్సీలో దాత ఫొటో పెద్దగా, అవార్డు తీసుకునే రచయిత ఫొటో కింద మూలకు. స్టేజీ మీద ఇరవై మంది, అందరూ మాట్లాడాక రాత్రి తొమ్మిదిన్నరకు రచయితను పిలిచి "రెండు నిమిషాల్లో" అంటారు. నాయిన పేరున, అవ్వ పేరున ప్రతి ఏడూ అవార్డులు పెట్టే మంచి కుటుంబాలు ఓరుగల్లులో, కరీంనగర్‌లో, సిరిసిల్లలో చాలా ఉన్నాయి, వాళ్ల ప్రేమను నేను తప్పుపట్టను. కానీ ఇది చదువుతున్న అలాంటి వాళ్లకు ఒక మాట: హాలు కిరాయి, శాలువాలు, మెమెంటోలు, భోజనాలకు పెట్టే ఖర్చుతో ఒక తండా పిల్ల మొదటి పుస్తకం అచ్చవుతుంది. లేదంటే ఒక బీడీ కార్మికురాలు రెండు నెలలు చాటలు పక్కన పెట్టి నవల పూర్తి చేసుకుంటుంది. సాయం రాసేటప్పుడు కావాలి. రాశాక చేసే సన్మానం మంచిదే, కానీ అది రెండోది.

అలిశెట్టి ప్రభాకర్‌ను తలుచుకుంటే ఈ మాట ఇంకా గట్టిగా అనాలనిపిస్తుంది నాకు. జగిత్యాల నుంచి వచ్చిన కవి, ఫొటో స్టూడియో మీద బతికిన మనిషి, క్షయ వచ్చి 1993 జనవరి 12న హైదరాబాద్‌లో చనిపోయారు. అప్పటికి నలభై ఏళ్లు కూడా నిండలేదు. ఆయన కవితలు ఇవాళ గోడల మీద, పోస్టర్ల మీద, ఫోన్ స్టేటస్‌లలో ఉన్నాయి, జనవరి వస్తే సభలు జరుగుతాయి. జరగాలి కూడా. కానీ ఆయన బతికున్నప్పుడు నెల నెలా మందులకు, ఇంటికి సరిపోయేంత ఎవరైనా ఒక సంస్థగా నిలబడి ఇచ్చి ఉంటే ఇంకెన్ని కవితలు వచ్చేవో.

సరే, మీ సారు మాటలో నేను ఒప్పుకునేది కూడా ఉంది. కొందరు నీ కథ చదవరు, నీ కులం చదువుతారు. "గిరిజన రచయిత్రి" అని పిలిచి, వేదిక మీద కూర్చోబెట్టి, కథ గురించి ఒక్క ప్రశ్న అడగకుండా "మీ తండాలో కష్టాలు చెప్పండి" అంటారు. సాయం చేస్తామన్న సంస్థల్లో కూడా కొన్ని అంతే, ఆడపిల్లల్ని అమ్ముకోవడం, సారా, ఆకలి, ఇవి ఉంటేనే "పవర్‌ఫుల్" అంటారు. నువ్వు తీజ్ పండుగ మీద, గోధుమ మొలకల బుట్టల చుట్టూ పెళ్లికాని పిల్లలు ఆడుకునే ఆటల మీద నవ్వొచ్చే కథ రాస్తే వాళ్లకు అర్థం కాదు. అలాంటి చోట కథ మార్చకు. ఎవరైనా "దీంట్లో కొంచెం బాధ పెంచండి" అంటే ఆ డబ్బు వదిలేయి, నిజంగా వదిలేయి. ఎడిటర్ "ఈ పేజీ లాగింది, ఈ సంభాషణ తెలియట్లేదు" అంటే మాత్రం శ్రద్ధగా విను, అది వేరే విషయం. గోర్‌బోలి మాటలన్నిటికీ పక్కనే అర్థాలు పెట్టమని ఒత్తిడి చేస్తే, కథలో సందర్భాన్ని బట్టి అర్థమయ్యేవాటికి అక్కర్లేదని చెప్పు.

ఇప్పుడు నువ్వు అడిగిన అసలు సంగతి, ఎవరున్నారు, ఎట్ల పోవాలి.

నీ వయసుకు అన్నిటికంటే ముందు చూడాల్సింది కేంద్ర సాహిత్య అకాడమీ యువ పురస్కారం. 2011 నుంచి ఇస్తున్నారు, 24 భాషల్లో, 50,000 రూపాయలు, తామ్ర ఫలకం. ఆ సంవత్సరం జనవరి 1 నాటికి 35 ఏళ్లు మించకూడదు. అంటే నీకు ఇంకా కొన్నేళ్లు చేతిలో ఉన్నాయి, కానీ పుస్తకం అచ్చై ఉండాలి, పత్రికల్లో వచ్చిన విడి కథలు సరిపోవు. ఇది ఎస్టీ కోటా కాదు, ఆడవాళ్ల కోటా కాదు, వయసు ఒక్కటే షరతు, కాబట్టి మీ సారుకు కూడా అభ్యంతరం ఉండదు. 2024లో తెలుగుకు ఇది ఎవరికి వచ్చిందో తెలుసా? నిజామాబాద్ జిల్లా తండా నుంచి వచ్చిన రమేశ్ కార్తీక్ నాయక్‌కు, గోర్ బంజారా జీవితం మీద రాసిన 'ఢావ్లో' కథల పుస్తకానికి. మీ వాళ్ల కథలు, మీ భాష మాటలతోనే. 2021లో పాలమూరు కవి తగుళ్ల గోపాల్‌కు వచ్చింది. నువ్వు పోవాలనుకుంటున్న దారిలో ఇప్పటికే మనుషులు నడిచారు, ఈ మాట ముందు గుర్తుపెట్టుకో.

అకాడమీ అంటే అవార్డు ఒక్కటే అనుకోవద్దు. యువ సాహితి పేరున కుర్ర రచయితలతో, అస్మిత పేరున రచయిత్రులతో, గ్రామాలోక్ పేరున ఊళ్లలో వాళ్లు సభలు పెడతారు, ఆదివాసీ, గిరిజన రచయితల సమ్మేళనాలు కూడా పెడతారు. అక్కడ చదివితే పారితోషికం, చార్జీలు ఇస్తారు, అన్నిటికంటే ముఖ్యంగా వేరే భాషల వాళ్లు నిన్ను వింటారు. తెలుగు వ్యవహారాలు చూసేది బెంగళూరులోని వాళ్ల ప్రాంతీయ కార్యాలయం. అచ్చయిన కథల కాపీలు, నీ గురించి అర పేజీ పెట్టి అక్కడికి ఒక ఉత్తరం పంపు. జవాబు వెంటనే రాకపోవచ్చు, పంపినదానికి నష్టం లేదు. ఇంకోటి, అకాడమీ గుర్తించిన 24 భాషల బయట ఉన్న భాషల కోసం 1996లో భాషా సమ్మాన్ అని పెట్టారు, లక్ష రూపాయలు. రేపెప్పుడైనా పూర్తిగా గోర్‌బోలిలోనే రాయాలనిపిస్తే, మీ అవ్వల పాటలు, కథలు పోగుచేయాలనిపిస్తే, అలాంటి పనికి కూడా గుర్తింపు ఉందని తెలుసుకో.

కేంద్ర ప్రభుత్వం 2021లో మొదలుపెట్టిన పీఎం యువ పథకం ఉంది, నేషనల్ బుక్ ట్రస్టు నడుపుతుంది. ఎంపికైన వాళ్లకు ఆరు నెలలు, నెలకు 50,000 చొప్పున ఇచ్చి పుస్తకం రాయిస్తారు. నేను పైన అన్న రాసేటప్పటి సాయం అంటే ఇదీ. కానీ రెండు చిక్కులున్నాయి: వయసు 30 లోపు ఉండాలి, విషయం వాళ్లే ఇస్తారు, మొదటిసారి స్వాతంత్ర్య పోరాటంలో మరుగున పడ్డవాళ్లు, తర్వాత ప్రజాస్వామ్యం, అట్లా. నీ కథలు నేరుగా అందులో ఇమడవు. నీకు 30 నిండేలోపు మళ్లీ ప్రకటన పడి, విషయం మీ తండా చరిత్రకు దగ్గరగా ఉంటే ప్రయత్నించు, లేకపోతే దాని కోసం టెన్షన్ పడకు.

మన రాష్ట్రంలో కాళోజీ పేరున ఇచ్చే అవార్డు 1,01,116 రూపాయలు, సెప్టెంబర్ 9న, ఆయన పుట్టినరోజున. 2023లో మహబూబాబాద్ బిడ్డ జయరాజ్‌కు, 2024లో కరీంనగర్ నలిమెల భాస్కర్‌కు ఇచ్చారు. ఏళ్ల తరబడి చేసిన పనిని చూసి ఇచ్చేది కాబట్టి ఇప్పుడే నీకు కాదు.

ఇంగ్లీషు వైపు దారి కూడా మూసి లేదు, నీకు ఇంగ్లీషు రాకపోయినా. కామన్వెల్త్ దేశాల కథల పోటీ ప్రతి ఏడూ జరుగుతుంది, ఎంట్రీ ఉచితం, అచ్చుకాని కథ 2,000 నుంచి 5,000 పదాల మధ్య ఉండాలి, ప్రాంతానికి ఒకరికి 2,500 పౌండ్లు, మొత్తంలో గెలిచినవాళ్లకు 5,000. నేరుగా తెలుగులో తీసుకోరు, కానీ వేరేవాళ్లు ఇంగ్లీషులోకి అనువదించిన కథను తీసుకుంటారు, గెలిస్తే అనువాదకులకు కూడా విడిగా ఇస్తారు. సాధారణంగా సెప్టెంబర్, అక్టోబర్ నెలల్లో తెరుస్తారు. కాకతీయ యూనివర్సిటీలో ఇంగ్లీషు చదువుతున్న పిల్లల్లో మీ భాష వచ్చినవాళ్లు ఎవరైనా దొరికితే వదలకు, ఇద్దరూ కూర్చొని ఒక్క కథ చేయండి. సౌత్ ఏషియా స్పీక్స్ అని 2020లో మొదలైన కార్యక్రమం ఏడాదిపాటు పెద్ద రచయితల దగ్గర ఉచితంగా నేర్పిస్తుంది, అందులో అనువాదకులకు కూడా చోటుంది, నీ కథ అనువదించే మనిషికి ఈ సంగతి చెప్పు.

అనువాదానికి ఇచ్చే చిన్న సాయం ఎంత దూరం తీసుకుపోతుందో పక్క రాష్ట్రం వాళ్లను చూసి నేర్చుకోవచ్చు. హాసన్ రచయిత్రి బాను ముష్తాక్ కన్నడంలో ముస్లిం ఆడవాళ్ల మీద ఏళ్ల తరబడి రాసిన కథలను దీపా భాస్తి ఇంగ్లీషు చేస్తే, ఆ పుస్తకానికి 2025లో ఇంటర్నేషనల్ బుకర్ వచ్చింది, 50,000 పౌండ్లు ఇద్దరికీ సమానంగా. దానికి ముందు ఆ అనువాదానికి ఇంగ్లిష్ పెన్ అనే చారిటీ నుంచి సాయం వచ్చింది, వేసింది కూడా ఒక చిన్న ప్రచురణ సంస్థే. పేపర్లన్నీ బుకర్ గురించి రాశాయి. ఆ ముందు వచ్చిన సాయం గురించి రాసినవాళ్లు తక్కువ, నీకు పనికొచ్చేది మాత్రం అదే.

ఇక పుస్తకం. సంఘంలో లోన్ తీసుకోకు చెల్లె. ఆ లోన్ బర్రెకో, పిల్లల ఫీజుకో, అక్కరకో. పుస్తకం అమ్మి కిస్తీ కడతానంటే కుదరదు, తెలుగులో మొదటి కథల పుస్తకం అంత తొందరగా అమ్ముడుపోదు, వాయిదా మాత్రం నెల నెలా వస్తుంది, దాంతో నీకు రాయడం మీదే విసుగు పుడుతుంది. ముందు ప్రచురణ సంస్థలకు పంపు. హైదరాబాద్ బుక్ ట్రస్టు 1980 నుంచి లాభాపేక్ష లేకుండా పనిచేస్తోంది, దళితులు, ఆడవాళ్లు, ఆదివాసీల పుస్తకాలు వాళ్లు చాలా వేశారు. ఇట్లాంటి చిన్న సంస్థలు ఇంకా ఉన్నాయి, డిసెంబర్‌లో హైదరాబాద్ పుస్తకాల పండుగకు ఒక రోజు పోతే అందరూ ఒకే చోట దొరుకుతారు, స్టాల్‌లో ఉన్నవాళ్లతో మాట్లాడు, కాగితం మీద నీ పేరు, నంబర్, రెండు కథలు ఇచ్చి రా. తెలుగు విశ్వవిద్యాలయం, అదే ఇప్పుడు సురవరం ప్రతాపరెడ్డి పేరు పెట్టినది, పుస్తకాల అచ్చుకు ఆర్థిక సాయం ఇస్తూ వచ్చింది, ఆ ప్రకటన ఎప్పుడు పడుతుందో కనిపెట్టుకొని ఉండు.

ఎవరూ తీసుకోకపోతే, సొంతంగా వేద్దామనుకుంటే, వెయ్యి కాపీలు వేయించకు. ఇప్పుడు వంద, రెండు వందలు కూడా అచ్చు వేస్తున్నారు. కాపీకి కొంచెం ఎక్కువ పడుతుంది కానీ మంచం కింద కట్టలు మిగలవు. ముందే చందా తీసుకొని వేసే పద్ధతి కూడా ఉంది, తెలిసిన టీచర్లు, మీ ఊరి నుంచి పోయి ఉద్యోగాలు చేస్తున్నవాళ్లు ఒక్కొక్కరు రెండు మూడు కాపీల డబ్బు ముందే ఇస్తే ప్రెస్ ఖర్చు చాలావరకు వస్తుంది. వట్టికోట ఆళ్వారుస్వామి 1938లో దేశోద్ధారక గ్రంథమాల పెట్టి, పుస్తకాలు భుజాన మోసుకొని ఊళ్లు తిరిగి అమ్మాడు, ఇళ్లలో వంట పని చేసి బతికిన మనిషి ఆయన. జనం దగ్గరికి పోయి "నేను రాశాను, కొనండి" అనడంలో చిన్నతనం లేదు. పుస్తకానికి గుర్తింపుగా వేసే ఐఎస్‌బీఎన్ నంబర్‌కు ఎవరైనా డబ్బు అడిగితే ఇవ్వకు, మన దేశంలో అది కేంద్ర ప్రభుత్వం ఉచితంగా ఇస్తుంది, ఆన్‌లైన్‌లో నువ్వే అప్లై చేసుకోవచ్చు. హక్కుల సంగతి కూడా చెప్తా, ఎందుకంటే ఇక్కడ చాలామంది మోసపోతున్నారు: కథ రాసిన క్షణం నుంచి కాపీరైట్ నీదే, నీ జీవితాంతం, ఆ తర్వాత ఇంకో 60 ఏళ్లు నీ వారసులది. బహుమతి ఇస్తాం, పుస్తకం వేస్తాం అంటూ "సర్వ హక్కులు మావి" అన్న కాగితం పెడితే సంతకం చేయకు. ఒకసారి అచ్చు వేసుకునే హక్కు ఇవ్వడం వేరు, కథనే రాసివ్వడం వేరు. సినిమా వాళ్లు, యూట్యూబ్ వాళ్లు వస్తే అది విడిగా మాట్లాడుకోవాలి.

ఈ నెలలో చేయాల్సింది పెద్దగా ఏం లేదు. కథలన్నీ యూనికోడ్‌లో టైపు చేయించు, పాత డీటీపీ ఫాంట్లలో చేస్తే ఎవరికి పంపినా డబ్బాలు కనిపిస్తాయి. అచ్చయిన కథలు ఏ పత్రికలో, ఏ తేదీన వచ్చాయో ఒక కాగితం మీద రాసి పెట్టు, కటింగులు ఫొటో తీసి దాచు. పుట్టిన తేదీకి టెన్త్ మెమో, కులం సర్టిఫికెట్ స్కాన్ చేసి ఫోన్‌లో పెట్టుకో, చివరి రోజు వాటి కోసం మీసేవ చుట్టూ తిరుగుతూ అవకాశం పోగొట్టుకున్నవాళ్లను చూశాను. నీ గురించి వంద మాటల్లో రాసుకో, అందులో "పేద", "వెనుకబడిన" లాంటి మాటలు వద్దు, ఏ ఊరు, ఏం పని, ఏం రాశావు, అవి చాలు. ఇంటర్నెట్ పని కష్టమైతే హన్మకొండలో 1904 నుంచి ఉన్న రాజరాజ నరేంద్ర ఆంధ్ర భాషా నిలయానికి ఒక ఆదివారం పో, అక్కడ కూర్చొని చదువుకునేవాళ్లలో రాసేవాళ్లు కూడా ఉంటారు, పరిచయాలు అవుతాయి.

వీటితోపాటు నువ్వు బాగుందనుకునే ఒక్క కథ నాకు పంపు. టైపు కాకపోతే చేతిరాత పేజీల ఫొటోలు పంపినా చదువుతాను. తీజ్ మీద ఏదైనా రాసి ఉంటే ముందు అదే పంపు. మీ సారుకు కూడా ఒక కాపీ ఇవ్వు, ఆయన తెలుగు చెప్పిన మనిషి, అచ్చుతప్పులు ఆయన కంటే బాగా ఎవరూ చూడలేరు.